యానాం ఓడను మరిచిన ప్రవాస విధానం

మన ప్రభుత్వాలు ప్రవాసాంధ్రులనో, ప్రవాస తెలంగాణవాసులనో తలుచుకున్నప్పుడల్లా కథ అమెరికాలోనే మొదలవుతుంది, మధ్యలో గల్ఫ్‌ను తాకి మళ్లీ అమెరికాలోనే ముగుస్తుంది. మొయినాబాద్ నుంచి చేవెళ్ల వైపు వెళ్తుంటే ఇది కళ్లకు కట్టినట్టు కనిపిస్తుంది. దారి పొడవునా ఇంజినీరింగ్ కాలేజీలు, పక్కనే వీసాల దేవుడిగా పేరుపడిన చిలుకూరు బాలాజీ. 11 ప్రదక్షిణలు చేసి మొక్కుకుని, వీసా చేతికొచ్చాక 108 చేసి మొక్కు తీర్చుకునే పిల్లలను నేను తప్పుపట్టను. వాళ్ల ఆశ న్యాయమైనది. ఆ పిల్లలకు తెలుగువారి వలస 1960ల తర్వాతే మొదలైందన్నట్టు చెబుతున్న పెద్దల మీదే నా కోపం.

1828. యానాం. 15 మంది తెలుగువాళ్లు. ఈ మూడు మాటలు మన పాఠ్యపుస్తకాల్లోనూ ప్రవాస సభల ఉపన్యాసాల్లోనూ వినబడవు. ఆ ఏడాది ‘లా టుర్క్వాజ్’ అనే ఫ్రెంచి ఓడ యానాంలో కుదుర్చుకున్న 15 మందిని హిందూ మహాసముద్రంలోని బూర్బోన్ దీవికి చేర్చింది. నేటి రీయూనియన్ అదే. ఫ్రెంచి దొరల కాగితాల్లో వాళ్లు ‘తెలింగాలు’. ఒప్పంద కూలీలుగా భారతదేశం నుంచి చెరకు దీవులకు వెళ్లిన తొలి జట్టు వాళ్లదే. ప్రపంచమంతా చెప్పుకునే తేదీ మాత్రం 1834 నవంబర్ 2. కలకత్తా నుంచి ‘అట్లాస్’ ఓడ 36 మందితో మారిషస్ చేరిన రోజది. ఆ రోజు మారిషస్‌లో సెలవు. ఆ దీవిలో ఒప్పంద కూలీలు దిగిన అప్రవాసీ ఘాట్‌ను 2006లో యునెస్కో ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించింది. మంచిదే. కానీ ‘అట్లాస్’కు ఆరేళ్ల ముందే మన ఓడ వెళ్లింది.

2025 జనవరిలో భువనేశ్వర్‌లో జరిగిన ప్రవాసీ భారతీయ దివస్‌లో ప్రధాని గిర్మిటియాల, అంటే ఒప్పంద కూలీల, వివరాలన్నీ ఒకచోట చేర్చాలన్నారు. వాళ్లు ఏ ఊళ్ల నుంచి వెళ్లారో, ఎక్కడ స్థిరపడ్డారో నమోదు చేయాలన్నారు. ఆ తర్వాత నేను చదివిన వ్యాఖ్యానాలు దాదాపు అన్నీ కలకత్తా రేవు, భోజ్‌పురి జిల్లాల చుట్టూనే తిరిగాయి. అందరిదీ ఒకటే వాదన: బ్రిటన్ బానిసత్వాన్ని రద్దు చేసింది, తోటలకు కూలీలు కరువయ్యారు, అందుకే భారతీయులను తీసుకెళ్లారు. మారిషస్ వరకు ఇది సరిపోతుంది. 1828 దగ్గరికొచ్చేసరికి కూలిపోతుంది. బూర్బోన్‌లో బానిసత్వం రద్దయింది 1848లో. యానాం వాళ్లు అక్కడ దిగేనాటికి ఆ దీవిలో బానిసలు ఉన్నారు, మరో ఇరవై ఏళ్లు ఉండబోతున్నారు. బానిసల వ్యాపారాన్ని ఫ్రాన్స్ 1818లోనే చట్టంతో నిషేధించింది. దొంగచాటుగా అది సాగినా, చెరకు సాగు పెరిగేకొద్దీ చేతులు చాలలేదు. అలా మన వాళ్లను తెచ్చి బానిసల పక్కన నిలబెట్టారు. ఒప్పంద కూలి పద్ధతి బానిసత్వానికి వారసురాలిగా రాలేదు, దాని పక్కనే దానికి తోడుగా పుట్టింది. దీనికి సాక్ష్యం ఆ 15 మందే.

15 మంది లెక్కలోకి వస్తారా అని అడిగేవాళ్లుంటారు. 36 మంది వచ్చినప్పుడు 15 మంది ఎందుకు రారు? పైగా ఓడలు అక్కడితో ఆగలేదు. తర్వాతి రెండేళ్లలో సుమారు 3 వేల మంది బూర్బోన్ చేరారు. ఆ ప్రయోగం విఫలమైంది, కూలీల్లో చాలామంది తిరిగొచ్చేశారు కాబట్టి దాన్ని చరిత్ర ఆరంభంగా లెక్కించలేమనే వాదన ఇంకొకటి. ఆ మాటలో కొంత నిజముంది. అయితే విఫలమైంది ఎందుకు? కూలి గురించి, తిండి గురించి, తోటల యజమానుల తీరు గురించి ఆ కూలీలు నోరు విప్పారు. అక్కడికి దాదాపు 200 కిలోమీటర్ల దూరంలోని మారిషస్‌లో బ్రిటిష్ తోటల యజమానులు అదే పనిని కొద్ది ఏళ్లకే పెద్ద ఎత్తున మొదలుపెట్టారు. 1834 నుంచి సాగిన ఆ వలసలో నాలుగున్నర లక్షల మంది దాకా ఆ చిన్న దీవికి చేరారు. ముందు జరిగిన అన్యాయం తెలిసీ సాగించిన పని అది.

ఇదంతా కోస్తా వాళ్ల గొడవ, మన చేవెళ్లకేం సంబంధమని మా వైపు అనుకోవచ్చు. కానీ ఆ కోస్తా జిల్లాలను, అంటే ఉత్తర సర్కారులను, 1753లో ఫ్రెంచివారికి రాసిచ్చింది నిజాం సలాబత్ జంగ్. తర్వాత 1766 ఒప్పందంతో ఆ జిల్లాలు ఇంగ్లీషు కంపెనీకి దక్కాయి. కంపెనీ ఏటా కట్టాల్సిన పేష్కష్‌ను కూడా నిజాం ప్రభుత్వం 1823లో ఏకమొత్తానికి వదులుకుంది, పామర్ కంపెనీ అప్పు తీర్చడానికి. ఆ తర్వాత ఐదేళ్లకే యానాం నుంచి ఓడ కదిలింది. ఆ తీరం పరాయివారి చేతుల్లోకి పోయింది హైదరాబాద్ దర్బారులో పడిన సంతకాలతో. ఈ చరిత్ర చెప్పాల్సిన బాధ్యత ఆంధ్రప్రదేశ్‌కు ఎంతుందో తెలంగాణకూ అంతే ఉంది.

ఇక నేటి విధానానికి వద్దాం. 2024 మార్చిలో మారిషస్ వెళ్లిన రాష్ట్రపతి, అక్కడి భారత సంతతిలో ఏడో తరం వాళ్లకూ విదేశీ భారతీయ పౌరసత్వ (ఓసీఐ) కార్డు అర్హత ప్రకటించారు. సురినామ్‌కు అంతకుముందే ఆరో తరం దాకా పెంచారు. తరాల లెక్క పెంచడం తేలిక. మా ముత్తాత ఫలానా ఊరివాడని చూపించే కాగితం దొరకడమే కష్టం. ఆ కాగితాలు లేక కాదు. ఫిజీనే చూడండి. 1879 నుంచి 1916 దాకా అక్కడికి చేరినవాళ్లు 60,553 మంది. అందులో 1903 నుంచి మద్రాసు రేవు మీదుగా వెళ్లినవాళ్లు 15,114. ప్రతి మనిషికీ ఒక పాస్ ఉంది. దాని మీద జిల్లా, తాలూకా, ఊరు, కులం, తండ్రి పేరు. మారిషస్ రికార్డులు మోకాలోని మహాత్మా గాంధీ ఇన్‌స్టిట్యూట్‌లో భద్రంగా ఉన్నాయి. ఫ్రెంచి వలసల కాగితాలు ఎక్స్-ఆన్-ప్రోవాన్స్ ఆర్కైవ్స్‌లో ఉన్నాయి. కానీ గుమస్తా చెవికి వినిపించినట్టు రాసుకున్న ఊరి పేరు చూసి అది ఏ మండలంలో ఉందో పోల్చగలిగేది ఇక్కడివాళ్లే. విశాఖ, గోదావరి, కృష్ణా జిల్లాల పాత తాలూకాలు తెలిసిన తెలుగు చరిత్రకారులు కావాలి. ఆ పని ఢిల్లీ చేయలేదు, పోర్ట్ లూయిస్ చేయలేదు.

దానికి బదులు మనవాళ్లు ఆ కూలీలకు బిరుదులిస్తున్నారు. గిర్మిటియాలే తొలి హెచ్-1బీలని ఈ మధ్య కొందరు గర్వంగా రాస్తున్నారు. ఇది చదివినప్పుడు ఒళ్లు మండుతుంది. ఫిజీలో ఐదేళ్ల ఒప్పందం. ఆ రోజుకు అప్పగించిన పని పూర్తిచేస్తే మగవాడికి ఒక షిల్లింగు, ఆడమనిషికి తొమ్మిది పెన్నీలు. పనికి రాకపోతే యజమాని కోర్టుకీడ్చేవాడు, జైలులో పెట్టించేవాడు. నూరుగురు మగవాళ్లకు నలభై మంది ఆడవాళ్లు ఓడలో ఉండాలని నియమం. ఆ లెక్క వల్ల కూలీలు నివసించే లైన్లలో ఆడవాళ్లు పడ్డ నరకం చెప్పనలవి కాదు. తిరుగు ప్రయాణ ఖర్చు ఉచితంగా రావాలంటే పదేళ్లు అక్కడే ఉండాలి. వీళ్లను ఐటీ ఉద్యోగులకు పూర్వీకులుగా నిలబెట్టడం వాళ్ల బాధను తుడిచెయ్యడమే.

అంత బాధలోనూ వాళ్లు భాషను వదల్లేదు. ఫిజీలో 1941లో దక్షిణ ఇండియా ఆంధ్ర సంఘం పెట్టుకున్నారు. మారిషస్‌లో ఉగాది ప్రభుత్వ సెలవు, బడుల్లో తెలుగు పాఠం ఉంది. 1990లో ప్రపంచ తెలుగు మహాసభలు అక్కడే జరిగాయి. రీయూనియన్‌లో మాత్రం తమిళులనీ తెలుగువాళ్లనీ తేడా లేకుండా అందరినీ ‘మలబార్లు’ అన్నారు. మొదట వెళ్లిన మనవాళ్ల ఆనవాలు ఆ పిలుపులో కలిసిపోయింది. ఆ దీవి ఇప్పటికీ ఫ్రాన్స్‌లో ఒక జిల్లా. వాళ్ల తరఫున మాట్లాడే సొంత దేశం కూడా లేదు.

చేయాల్సింది పెద్ద ఖర్చుతో కూడిన పని కూడా కాదు. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ, యానాం ఉన్న పుదుచ్చేరి, మూడు ప్రభుత్వాలూ కలిసి విశ్వవిద్యాలయాల చరిత్ర శాఖలకు ఈ బాధ్యత అప్పగించాలి. ఫిజీ పాసులు, మారిషస్ రిజిస్టర్లు, ఫ్రెంచి కాగితాలు తెప్పించి ఊరి పేరు వారీగా తెలుగులో జాబితా వేయాలి. మొదటి పేజీలో 1828 ఉండాలి, ఆ 15 మంది ఉండాలి. అమెరికాలో సభ అనగానే మంత్రులు విమానాలెక్కుతారు, ఆర్కైవ్స్ పనికి ఒక్క అధికారినైనా పంపడానికి అభ్యంతరమేమిటి? మన మనుషుల్ని ఓడల్లోకి ఎక్కించిన ప్రతి దొర ఒక్కొక్కరి పేరూ రాసుకున్నాడు. స్వతంత్ర భారతంలోని తెలుగు ప్రభుత్వాలు కనీసం ఆ పేర్లు చదవలేదు. ఆ జాబితా చేతిలో లేకుండా మరో ప్రపంచ తెలుగు మహాసభ పెట్టే నైతిక హక్కు ఈ ప్రభుత్వాలకు లేదు.