తప్పు మనదీ, గొప్ప ఫోనుదీనా?

"నాకు చేతకాదండీ!" ఈ మాట మన ఆడవాళ్ళ నోట ఎంత తేలిగ్గా వస్తుందో! దోసె అంటుకుంటే పెనం కాలిందో లేదో చూస్తాం. కొత్త వస్తువు మొరాయిస్తే మాత్రం మనల్ని మనమే తిట్టుకుంటాం.

బొమ్మలు గీయడానికి వచ్చిన ఫోను యాప్‌ల సంగతీ అంతే. ఫోనుని కాగితానికి పైన నిలబెడితే కెమెరా ఆ కాగితాన్ని తెర మీద చూపిస్తుంది. మనకు నచ్చిన బొమ్మ దాని మీద పల్చటి పరదాలా పరుచుకుంటుంది. తెర చూస్తూ, కింద కాగితం మీద పెన్సిలు నడపాలి. సరదాపడి మొదలుపెట్టిన ఇల్లాలు, అమ్మవారి ముక్కు కాస్తా చెవి దాకా పోయేసరికి విసిగి మానేస్తుంది. "నీకెందుకోయ్ ఇవన్నీ!" అంటారు పక్కనుంచి శ్రీవారు.

ఆగండి శ్రీవారూ! ముక్కు పక్కకు పోయింది చెయ్యి తిరగక కాదు, ఫోను కదిలి. పుస్తకాల దొంతర మీద ఫోను పెట్టి, కెమెరా ఉన్న కొస మాత్రం బయటికి ఉండేలా జరపండి. కాగితం నాలుగు మూలలా టేపు అంటించండి. బొమ్మ ఒకవైపు సాగినట్టుంటే ఫోను వాలిందన్నమాట. వేలు తగిలినప్పుడల్లా బొమ్మ జరుగుతుంటే, యాప్‌లో తాళం గుర్తు ఉందేమో చూసి నొక్కండి. తెర నల్లగా ఉందా? సెట్టింగ్స్‌లో ఆ యాప్‌కి కెమెరా అనుమతి ఇచ్చారో లేదో చూడండి. మీ పెన్సిలు గీత కనబడకపోతే బొమ్మను ఇంకాస్త పల్చన చెయ్యండి. కుడిచేతి వాటం వాళ్ళు దీపం ఎడమవైపు పెట్టుకుంటే నీడ అడ్డురాదు. తెర మాటిమాటికీ ఆరిపోతుంటే సెట్టింగ్స్‌లో ఆ వ్యవధి పెంచండి. వీటిలో చేతకానితనం ఎక్కడుందో చెప్పండి!

యాప్ తయారుచేసే వారికీ ఒక మాట. కెమెరా అడగండి, న్యాయమే. బొమ్మ తెచ్చుకోవడానికి ఫోటోలు అడగండి, అదీ న్యాయమే. మా చుట్టాల ఫోను నంబర్లు మీకెందుకండీ? అలా అడిగే యాప్‌ని మొహమాటపడకుండా తీసి పారెయ్యాలంటాను నేను.

ఇన్నీ చక్కబెట్టుకుని బొమ్మ కుదిరిందనుకోండి. అప్పుడేమంటారు? "గీసింది నువ్వా, ఫోనా?" చెడితే తప్పు మనది, కుదిరితే గొప్ప ఫోనుది! ఇదెక్కడి న్యాయం?

ఇంగ్లండులో విలియం హైడ్ వొలాస్టన్ 1806లోనే 'కెమెరా లూసిడా' అనే పరికరానికి పేటెంటు తీసుకున్నాడు. చిన్న గాజు పట్టకంలోంచి చూస్తే ఎదుటి దృశ్యం కాగితం మీదే ఉన్నట్టు కనిపించేది. దానితో గీసినవారిని ఎవరూ కాదనలేదే! అంతదూరం ఎందుకు, మన మగ్గం పనివాళ్ళు కాగితం మీద డిజైను గీసి, సూదితో బెజ్జాలు పొడిచి, రవిక గుడ్డ మీదికి అద్దుతారు. ఆ బెజ్జాలు జరీ కుడతాయా? కుట్టేది చెయ్యే కదా!

ఏ గీత ఎక్కడ నొక్కాలో, ఎక్కడ తేల్చాలో ఫోను చెప్పదు. అది మీ చెయ్యి నేర్చుకుంటుంది. నాలుగు బొమ్మలయ్యాక ఫోను పక్కన పెట్టి అయిదోది గీసి చూడండి. అన్నిటికీ కింద మూల మీ పేరు రాయండి. ఫోను పేరు కాదు.