వాయిదాల లెక్క హైకోర్టే అడగాలె

ఆలుమగల పంచాయితీ ఇంట్ల తెగకపోతె పెద్దమనుషుల కాడికి పోతది. ఆడ తెగకపోతె కోర్టుకు పోతది. మరి కోర్టుల గూడ ఏండ్లకేండ్లు తెగకపోతె ఏడికి పోవాలె? తల్లిగారింట్ల ఉండి, పిల్లల కోసం భరణం కేసు ఏసిన ఆడిబిడ్డల గోస ఇదే. తెలంగాణల ఆడోళ్లకు బస్సు ఫ్రీ అయింది గని, పేషీకి పోయిన దినం కూలి ఎవలిస్తరు? విడాకుల కోసం ఎదురుచూసే మొగోళ్లకు గూడ వాయిదాల బాధ తక్కువేం లేదు.

చట్టంల గడువు లేదా అంటే, ఉన్నది. మధ్యంతర భరణం దరఖాస్తును అవతలోళ్లకు నోటీసు అందిన 60 రోజులల్ల వీలైనంత మట్టుకు తేల్చాలని రాసి ఉన్నది. మొన్నటిదాంక ఇది సీఆర్పీసీ 125వ సెక్షన్. 2024 జులై 1 నుంచి బీఎన్ఎస్ఎస్ 144వ సెక్షన్. విడాకుల కేసును ఆరు నెలలల్ల ముగించే ప్రయత్నం చెయ్యాలని హిందూ వివాహ చట్టం 21బి సెక్షన్ గూడ చెప్తది.

కాగితం మీద గిట్లుంటె, నడిచేది ఇంకో తీరు. ఒక భరణం కేసు ఫ్యామిలీ కోర్టుల తొమ్మిదేండ్లు నడిచిందని 2014ల సుప్రీంకోర్టే బాధపడ్డది. 2020 నవంబర్ 4న ఇంకో తీర్పుల దేశం మొత్తానికి పద్ధతి పెట్టింది. ఇద్దరూ తమ ఆస్తులు, ఆమ్దానీ, అప్పుల లెక్క అఫిడవిట్‌ల ఇయ్యాలె. అది దాఖలైనంక నాలుగు నుంచి ఆరు నెలలల్ల మధ్యంతర భరణం తేల్చాలె. పైసలు దరఖాస్తు ఏసిన తారీఖు నుంచే లెక్కగట్టాలె. మంచి తీర్పే. గని నోటీసు అందలేదని ఒక వాయిదా, వకీలు రాలేదని ఒక వాయిదా, జడ్జి పోస్టు ఖాళీ ఉన్నదని ఇంకో వాయిదా పడుతుంటె, ఆ గడువు దాటిందని అడిగేటోడు ఎవడు?

ఇప్పుడైతె పైసలున్నోళ్లు హైదరాబాద్ పోయి, హైకోర్టుల పిటిషన్ ఏసి, "మా కేసు ఫలానా గడువుల తేల్చుమనుండ్రి" అని అడుగుతరు. ఆర్డర్ వస్తె ఆ కేసు ముందుకొస్తది. లైన్ల ఉన్న పేదామె కేసు ఇంకింత ఎనుకకు పోతది. 2024 ఫిబ్రవరి 29న సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల ధర్మాసనం గూడ, అసాధారణ పరిస్థితులల్ల తప్ప కింది కోర్టులకు కేసుకో గడువు పెట్టొద్దన్నది. ఏ కేసు ముందు చూడాలెనో అక్కడి కోర్టుకే బాగ తెలుస్తదని చెప్పింది.

అట్లని పైకోర్టు చేతులు కట్టుకోని కూసోవాల్నా? అక్కర్లేదు. కింది కోర్టుల మీద అజమాయిషీ, వాటి నుంచి లెక్కలు తెప్పించుకునే అధికారం రాజ్యాంగం 227వ అధికరణం హైకోర్టుకు ఇచ్చింది. దీన్ని ఒక్క కేసు కోసం కాదు, అన్ని కేసుల కోసం వాడాలె. 60 రోజులు దాటిన భరణం దరఖాస్తులు ఏ కోర్టుల ఎన్ని ఉన్నయి, ఎందుకు ఆగినయి అని నెలనెలా అడగాలె. ఆ లెక్క జనం ముందట పెట్టాలె. నోటీసుల కాడ ఆగితె పోలీసోళ్లను అడగొచ్చు. జడ్జి లేక ఆగితె పోస్టు నింపొచ్చు. రోగం ఏడున్నదో తెల్వకుంట మందు ఏసుడెట్ల?

అప్పటిదాంక మన చేతుల ఉన్నది మనం చేద్దాం. ఆడోళ్లకు, పిల్లలకు ఆమ్దానీతో పని లేకుంట ఉచిత వకీలు దొరుకుతడు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు పోవాలె, లేకపోతె 15100కు ఫోన్ చెయ్యాలె. కేసు సీఎన్ఆర్ నంబర్ ఉంటె ఈకోర్ట్స్ యాప్‌ల వాయిదా తారీఖు ఫోన్లనే కనవడ్తది. ఆర్డర్ వచ్చినంక భరణం బాకీ పడితె, పడిన ఏడాది లోపల్నే వసూలు దరఖాస్తు ఎయ్యాలె. ఊర్లె చదువుకున్న తమ్ముళ్లు, చెల్లెండ్లు ఈ మూడు ముచ్చట్లు చెప్పినా ఒక ఇంటికి ఆసరా అయితది.

గని ఇది జనం మీద నెట్టేసే పని కాదు. కేసు ఏసిన్నాడు ఒకటో తరగతిల ఉన్న పోరగాడు పదో తరగతికి వచ్చినంక భరణం చేతికొస్తె, వాని బడి ఫీజు కట్టింది అమ్మమ్మ రెక్కల కష్టమే.