ఢిల్లీలో తెలుగు బడి: హక్కు ఉంది, తరగతి గది మాటేమిటి?

న్యూఢిల్లీ: రాజధాని ఐటీవో కూడలికి చేరువలో, దీనదయాళ్ ఉపాధ్యాయ మార్గంలో ఆంధ్రా స్కూలు ఉంది. సొంత రాష్ట్రానికి వెయ్యి కిలోమీటర్లకు పైగా దూరాన తెలుగు అక్షరాలు దిద్దించేందుకు పుట్టిన సంస్థ అది. ఆంధ్రా ఎడ్యుకేషన్ సొసైటీని 1948లో దుర్గాబాయి నెలకొల్పారు. జనక్‌పురి, పుష్ప్ విహార్, ప్రసాద్ నగర్‌లలో కూడా సొసైటీ పాఠశాలలు వెలిశాయి.

వ్యవస్థాపకురాలి జీవితం ఈ చర్చకు ఓ ఆసక్తికరమైన కోణాన్ని జోడిస్తుంది. బాల్యంలోనే గోదావరి తీరాన బాలికలకు హిందీ పాఠశాల నడిపిన ఆమె, రాజ్యాంగ సభలో హిందుస్తానీని జాతీయ భాషగా ప్రతిపాదించారు. అదే సమయంలో, దక్షిణాదిపై బలవంతపు హిందీ ప్రచారం మేలు చేయదని హెచ్చరించారు. తెలుగువారికి హిందీ నేర్పిన వ్యక్తే హిందీ సీమలో తెలుగు బడికి పునాది వేయడం వైరుధ్యమేమీ కాదు. ఒక భాష నేర్చుకోవడానికి మరో భాషను వదులుకోనక్కరలేదన్నదే ఆమె ఆచరణలో కనిపించిన వైఖరి.

నాటి అవసరం స్పష్టం. కేంద్ర కొలువుల్లో చేరి ఉత్తరాదికి వచ్చిన కుటుంబాలకు, పిల్లలను సొంత భాషకు దూరం చేయకుండా చదివించే చోటు కావాలి. బదిలీపై తిరిగి వెళ్లినా చదువు ఆగకూడదు. నేడు సమస్య వేరు. తెలుగు కుటుంబాలు కొలువుల వెంట నోయిడా, గుర్‌గావ్, గాజియాబాద్‌లకూ విస్తరించాయి. మెట్రో రైలు సరిహద్దులను చెరిపేసినా, ప్రభుత్వ గ్రాంటు వాటిని దాటదు. ఎయిడెడ్ పాఠశాలల అనుమతించిన వ్యయంలో 95 శాతాన్ని ఢిల్లీ ప్రభుత్వం భరిస్తుంది. ఆ సాయం ఢిల్లీ హద్దుల వరకే. యమున అవతల ఉత్తరప్రదేశ్‌లోనో, పక్కనే హర్యానాలోనో ఉన్న తెలుగు బిడ్డకు కాగితంపై హక్కు ఉంటుంది. బడి కట్టే స్థలం, బోధించే గురువు ఎవరికి వారే సమకూర్చుకోవాలి.

హక్కు విషయంలో న్యాయస్థానాల వైఖరి సుస్పష్టం. భాషాపరమైన అల్పసంఖ్యాకులను రాష్ట్రం ప్రాతిపదికగానే గుర్తించాలని టీఎంఏ పాయ్ ఫౌండేషన్ కేసులో 2002లో 11 మంది న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనం తేల్చింది. దేశంలో 8 కోట్లకు పైగా జనం మాట్లాడే తెలుగు, ఆ లెక్కన ఢిల్లీలో అల్పసంఖ్యాక భాష. ఢిల్లీకే చెందిన సింధీ ఎడ్యుకేషన్ సొసైటీ కేసులో 2010లో సుప్రీంకోర్టు మరో అడుగు వేసింది. ఎయిడెడ్ భాషా మైనారిటీ పాఠశాలల ఉపాధ్యాయ నియామకాల్లో ఎస్సీ, ఎస్టీ రిజర్వేషన్ నిబంధనను బలవంతంగా రుద్దరాదని చెప్పింది.

ఇది చిన్న మినహాయింపు కాదు. సామాజిక న్యాయానికి సంబంధించిన నిబంధన నుంచి వెసులుబాటు పొందిన సంస్థపై, ఏ భాష పేరిట ఆ వెసులుబాటు దక్కిందో ఆ భాషను నిలబెట్టే బాధ్యత అంతకంతకూ పెరుగుతుంది. రాజ్యాంగంలోని 30వ అధికరణం విద్యాసంస్థను నెలకొల్పి నిర్వహించుకునే హక్కు ఇస్తుందే తప్ప, తెలుగు పీరియడ్ జరిగి తీరాలని శాసించదు. నిర్వహణ తెలుగువారిది, తరగతి గది భాష వేరొకటి అనే పరిస్థితికి చట్టం అడ్డు కాదు.

తరగతి గదిలో చిక్కులూ తక్కువేమీ కావు. రాష్ట్ర విభజన తర్వాత సీబీఎస్‌ఈ జాబితాలో తెలుగు రెండు పాఠ్యాంశాలైంది: తెలుగు-ఏపీ, తెలుగు-తెలంగాణ. కోడ్‌లు వేరు, పాఠ్యపుస్తకాలు వేరు. గుంటూరు మూలాలున్న పిల్లవాడు, వరంగల్ మూలాలున్న పిల్లవాడు ఒకే బల్లపై కూర్చునే ఢిల్లీ బడిలో ఈ విభజన ఎవరి అవసరాన్ని తీరుస్తుందో చెప్పడం కష్టం. విద్యార్థుల సంఖ్య పరిమితంగా ఉండే చోట ఒకే సబ్జెక్టు రెండుగా చీలితే, ఉపాధ్యాయ పోస్టును సమర్థించుకోవడమూ కష్టమవుతుంది.

అవకాశం మరోవైపు నుంచి వస్తోంది. 2023 నాటి జాతీయ పాఠ్యప్రణాళిక చట్రం 9, 10 తరగతుల్లో మూడు భాషలను, వాటిలో కనీసం రెండు భారతీయ భాషలను ప్రతిపాదించింది. హిందీ, ఇంగ్లిష్ తర్వాతి స్థానం చాలా బడుల్లో సంస్కృతానికే దక్కుతోంది. దానికి కారణం అభిమానం కన్నా, ఉపాధ్యాయులు సిద్ధంగా దొరకడమే. ఆ మూడో స్థానంలోకి తెలుగు రావాలంటే తల్లిదండ్రులు ప్రవేశాల వేళే లిఖితపూర్వకంగా కోరాలి. రెండు తెలుగు రాష్ట్రాలు గురువులను, పుస్తకాలను సమకూర్చాలి. ఢిల్లీలోని ఏపీ, తెలంగాణ భవన్‌లకు ఇది శక్తికి మించిన పనేమీ కాదు.