రాయి అంటే భయమెందుకు?

ఆదిలాబాద్ జిల్లా ఇంద్రవెల్లి స్తూపం గురించి నా అభిప్రాయం రాస్తున్నాను.

1981 ఏప్రిల్ 20, సోమవారం, సంత రోజు. భూములకు పట్టాలు అడగడానికి సభకొచ్చిన గోండుల మీద పోలీసులు కాల్పులు జరిపారు. 13 మంది చనిపోయారని సర్కారు లెక్క. ఇంకా చాలామంది అని మనోళ్ల మాట. 1983లో స్తూపం కట్టారు. 1986లో కూల్చేస్తే మళ్లీ కట్టారు. తర్వాత కూడా ఆ రోజు వస్తే ఏండ్ల తరబడి 144 సెక్షన్ పెట్టి, దండం పెట్టుకోనియ్యలేదు.

రాయి ఎవరినీ కొట్టదు కదా! కానీ 'భూమి ఎవరిది?' అని అడుగుతది. అందుకే భయం.

2024లో ముఖ్యమంత్రి అక్కడికొచ్చి నివాళులర్పించారు. సంతోషమే. పట్టాల సంగతీ తేలాలె.

జలియన్‌వాలాబాగ్ పాఠం చదువుతున్నాం. ఇంద్రవెల్లి కూడా చదవాలె. వార్డెన్ మేడంగారూ, మిరుదొడ్డికి అది దూరమే అయినా, ఏప్రిల్ 20న ప్రార్థనలో రెండు నిమిషాలు మౌనం పాటిద్దామండీ.