అడవిలో గోడలు, ఆఫీసుల్లో సంతకాలు

అటవీ భూమిలో అక్రమంగా లేచిన కట్టడాలను కూల్చమని సుప్రీంకోర్టు ఆదేశించినప్పుడల్లా చట్టం గెలిచిందన్న మాట వినిపిస్తుంది గాని, ఆ కట్టడాలకు దారి చూపిన అధికారి ఎవరన్న ప్రశ్నకు సమాధానం దొరకడం అరుదు. ఢిల్లీని ఆనుకొని హర్యానాలోని ఫరీదాబాద్ వద్ద ఉన్న ఆరావళి కొండలే ఇందుకు అన్నిటికంటే బాధాకరమైన నిదర్శనం.

1900 నాటి పంజాబ్ భూసంరక్షణ చట్టం ప్రకారం, నేల కోతకు గురయ్యే ప్రాంతాల్లో చెట్లు నరకడాన్ని, నేల తవ్వడాన్ని ప్రభుత్వం ప్రత్యేక ఉత్తర్వుతో నిషేధించవచ్చు. 1992 ఆగస్టు 18న అటువంటి ఉత్తర్వు వెలువడిన భూమిలోనే, ఫిల్మ్ స్టూడియో పేరుతో మొదలైన ప్రాజెక్టు కాంత్ ఎన్‌క్లేవ్ అనే సంపన్నుల కాలనీగా మారింది. 2018 సెప్టెంబరు 11న జస్టిస్ మదన్ లోకూర్, జస్టిస్ దీపక్ గుప్తాల ధర్మాసనం ఆ నిర్మాణాలను కూల్చమంటూనే, ఇళ్లు కట్టుకున్నవారికి తలా 50 లక్షల రూపాయలను నిర్మాణ సంస్థ, రాష్ట్ర పట్టణ ప్రణాళికా శాఖ చెరిసగం చెల్లించాలని ఆదేశించింది. శాఖ తప్పును ఇంత సూటిగా పట్టుకోవడం మెచ్చదగినదే అయినా, శాఖ చెల్లించేది ప్రజల సొమ్మే తప్ప ఆ కాలనీకి మినహాయింపులిచ్చే ఫైలును నడిపినవారి సొమ్ము కాదు.

అదే కొండల్లోని ఖోరీ బస్తీ విషయంలో ఈపాటి దయ కూడా కనిపించదు. 2021 జూన్ 7న సుప్రీంకోర్టు ఆరు వారాల గడువు పెట్టగా, దాదాపు పదివేల ఇళ్లున్న ఆ కూలీల బస్తీని కోవిడ్ భయం తీరకముందే, వానాకాలంలో, నేలమట్టం చేశారు. బ్రోకర్లు చేతిలో పెట్టిన పవర్ ఆఫ్ అటార్నీ కాగితాలే అక్కడ చాలామందికి ఆస్తి హక్కు. వారికి పరిహారం లేదు, నివాస రుజువులు చూపి అర్హులనిపించుకున్నవారికి మాత్రం ఫ్లాట్లు ఇస్తామన్నారు. 2022 జులై 21న అదే న్యాయస్థానం భూసంరక్షణ చట్టపు ప్రత్యేక ఉత్తర్వుల కిందికి వచ్చే భూములన్నీ అటవీ భూములేనని తేల్చి, అక్రమ కట్టడాల తొలగింపునకు మూడు నెలల గడువిచ్చింది. అయితే ఫామ్‌హౌసుల మీదికి, పెళ్లిళ్ల హాళ్ల మీదికి యంత్రాలు పెద్దయెత్తున కదిలేసరికి 2025 జూన్ వచ్చింది. పేదవాడి గోడకు ఆరు వారాలు, కలవాడి గోడకు మూడేళ్లు పట్టినప్పుడు, లోపం చట్టంలో ఉందని ఎవరూ నమ్మరు.

తెలుగు నేల మీద అధికార యంత్రాంగంలోని ఈ లోపం ఇంకా సూటిగా బయటపడిన సందర్భం ఒకటుంది. జయశంకర్ భూపాలపల్లి జిల్లా కొంపల్లిలోని 106.34 ఎకరాల అటవీ భూమి వివాదంలో, 2018లో ప్రభుత్వం పక్షాన తీర్పిచ్చిన హైకోర్టు 2021లో పునఃసమీక్ష పేరిట దాన్ని తిరగరాయగా, 2024 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు ఆ పునఃసమీక్షను కొట్టివేసింది. అడవిని కాపాడవలసిన ప్రభుత్వమే పరస్పర విరుద్ధమైన అఫిడవిట్లు దాఖలు చేసినందుకు ఐదు లక్షల రూపాయల ఖర్చులు విధిస్తూ, బాధ్యులైన అధికారులపై విచారణ జరిపి ఆ మొత్తాన్ని వారి నుంచే రాబట్టుకునే స్వేచ్ఛ ప్రభుత్వానికి ఉందని పేర్కొంది. ఇక్కడే కోర్టు ఒక అడుగు ముందు ఆగిపోయింది. కూల్చివేతకు గడువు పెట్టి ఆదేశించగలిగిన న్యాయస్థానం, రాబట్టడాన్ని మాత్రం ప్రభుత్వ ఇష్టానికి ఎందుకు వదలాలి? తప్పుడు అఫిడవిట్ మీద సంతకం చేసిన చేతికి జీతంలో కోత పడిననాడే, ఆ తర్వాతి ఫైలు మీద సంతకం పెట్టబోయే చెయ్యి ఒక క్షణం ఆగుతుంది.

అయినా కోర్టుల గడప దాకా వెళ్లవలసిన అగత్యం ఏర్పడడానికి అసలు కారణం హద్దులు తేలకపోవడమే. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ అమల్లో ఉన్న 1967 నాటి అటవీ చట్టం ప్రకారం, ఒక భూమిని రిజర్వు ఫారెస్టు చేయాలన్న సంకల్పాన్ని నాలుగో సెక్షన్ కింద ప్రకటించి, ఫారెస్ట్ సెటిల్‌మెంట్ ఆఫీసరు ప్రజల హక్కులను విచారించి తేల్చాక, పదిహేనో సెక్షన్ కింద తుది నోటిఫికేషన్ ఇవ్వాలి. ఈ రెండు సెక్షన్ల నడుమ దశాబ్దాల తరబడి నిలిచిపోయిన అటవీ బ్లాకులు ఉన్నాయి. అటవీ శాఖ మ్యాపులో అడవిగా, రెవెన్యూ పహాణీలో సర్కారు భూమిగా, మధ్యవర్తి బ్రోచరులో లేఅవుటుగా ఒకే సర్వే నంబరు మూడు రూపాలు ధరించేది ఈ విరామంలోనే. పోడు రైతు హక్కు తేలనిదీ, ప్లాటు కొన్న చిరుద్యోగి మోసపోయేదీ ఇందులోనే.

నోటిఫై కాని అడవి గతి హైదరాబాద్‌లోని కంచ గచ్చిబౌలిలో కళ్లకు కట్టింది. రికార్డులో పేరు ఏదైనా, నిఘంటువు అర్థంలో అడవి అనిపించుకునే ప్రతి భూమికీ 1980 నాటి అటవీ సంరక్షణ చట్టం వర్తిస్తుందని గోదావర్మన్ కేసులో 1996 డిసెంబరు 12నే సుప్రీంకోర్టు చెప్పింది. అటువంటి భూములను గుర్తించే నిపుణుల కమిటీలను వేయమని 2025 మార్చిలో రాష్ట్రాలను మరోసారి హెచ్చరించింది. ఆ నెల ముగియకముందే, ఉగాది, రంజాన్ సెలవుల్లో, 400 ఎకరాల ఆ నేల మీదికి జేసీబీలు దిగాయి. ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు ఆదేశంపై అక్కడికి వెళ్లిన హైకోర్టు రిజిస్ట్రారు, దాదాపు వంద ఎకరాలు భారీ యంత్రాలతో ధ్వంసమైనట్టు, ఆ పరిసరాల్లో నెమళ్లు, జింకలు కనిపించినట్టు అదేరోజు నివేదించారు. స్టే వచ్చింది, చెట్లు మాత్రం అప్పటికే కూలాయి.

హద్దులు తేలని ఈ స్థితి మారాలంటే, నాలుగో సెక్షన్ ప్రకటన వెలువడిన ప్రతి సర్వే నంబరునూ, తుది నోటిఫికేషన్ కోసం ఎదురుచూడకుండా, రిజిస్ట్రేషన్లు చెల్లని 22ఏ జాబితాలో చేర్చాలి. ఆ జాబితాను గ్రామ పంచాయతీ గోడ మీద అంటించాలి. ఏ ఫారెస్ట్ సెటిల్‌మెంట్ ఆఫీసరు వద్ద ఏ బ్లాకు ఎన్నేళ్లుగా ఆగి ఉందో ఆ అధికారి పేరుతో సహా ఏటా శాసనసభ ముందుంచాలి.