బోధను దారిలో కాలయంత్రము

మనోవేగముతో దేశములు దాటించి, కాలమునే వంచి, మనుష్యుని గడచిన యుగములలోనికిని రానున్న యుగములలోనికిని కొనిపోవు మాయాయంత్రము పాశ్చాత్యుల కల్పన యని మన చదువరులలో పలువురకు గట్టి నమ్మిక కలదు. 1895లో హెచ్. జి. వెల్స్ రచించిన ‘ది టైమ్ మెషీన్’ నవలయే ఈ యూహకు మూలమనియు, 1991లో సింగీతం శ్రీనివాసరావు ‘ఆదిత్య 369’ చిత్రమున ఆ యంత్రమును తెలుగు వెండితెరపై నడిపి, కథానాయకుని 1526వ సంవత్సరపు విజయనగరమునకును, పిదప 2504వ సంవత్సరమునకును పంపి, మనకు దానితో పరిచయము కలిగించెననియు చెప్పుదురు. శ్రీకృష్ణదేవరాయల కొలువును బాలుర కన్నుల యెదుట నిలిపిన ఆ చిత్రమునెడ మాకు మిక్కిలి గౌరవము. అయినను ఈ యంత్రము మన వాఙ్మయమున అంతకు శతాబ్దములకు పూర్వమే నడచినది. నడచుటయేకాక, ప్రయాణమునకు చెల్లింపవలసిన మూల్యమెట్టిదో కూడ మనకు తెలిపియున్నది.

అల్లసాని పెద్దన ప్రవరుని తలపోయుడు. గృహస్థధర్మము విడువలేక, యాత్రికుల నోట దూరదేశముల వార్తలు విని తనివి తీరక యున్న ఆ యువకుడు సిద్ధుడొసగిన పసరు పాదములకు పూసికొన్న క్షణముననే హిమవత్పర్వతముపై నిలిచెను. అల్పకవి యైనచో అద్భుతమును అంతటితో ముగించియుండును. పెద్దన కథ యన్ననో, ఆ లేపము మంచునీట కరగిపోయిన పిమ్మటనే యారంభమైనది. పోవుటకు సాధనముండి మరలుటకు సాధనము లేనివాని వేదన అది. అందునను ప్రొద్దు వాలకమునుపే అగ్నిహోత్రపు వేళకు ఇల్లు చేరవలెనను కాలభయముతో కూడిన వేదన. తుదకు అతనిని ఇల్లు చేర్చినవాడు అగ్నిదేవుడు.

పోతన భాగవతపు నవమస్కంధమునందలి కకుద్మి కథ ఇంతకన్నను గంభీరము. కూతురు రేవతికి తగిన వరుని గూర్చి యడుగుటకై ఆమెను వెంటగొని బ్రహ్మలోకమునకేగిన ఆ రాజు, అచ్చట గంధర్వగానము సాగుచుండుటచే క్షణకాలము వేచి, పిదప తన మనసులోని మాట విన్నవించుకొనగా, ఈ నడుమ భూలోకమున 27 మహాయుగములు గడచినవనియు, అతడు తలచుకొన్నవారు మాత్రమేకాక వారి పుత్రపౌత్రుల పేర్లు సైతము వినరాకున్నవనియు బ్రహ్మ నవ్వుచు తెలిపెను. ఒక పాట వినునంతలో ఒక లోకమంతయు చెల్లిపోయినది. మరలివచ్చిన తండ్రికి తనవారు లేరు. కూతురో, బలరామునకు భార్య యయ్యెను. పూర్వయుగపు ఉన్నతదేహము గల ఆమెను బలరాముడు తన నాగలికొనతో వంచి ఆ కాలపు స్త్రీలకు సరియగు పొడవునకు తెచ్చెనని విష్ణుపురాణము చెప్పుచున్నది. యుగాంతరమునుండి వచ్చిన కన్యను వర్తమానమున నిలిపినది చక్రము కాదు, ఖడ్గము కాదు, నాగలి. చెరకు పండించిన ఈ బోధను నేలపై నుండువారము, ఆ ఘట్టమును చదివినప్పుడెల్ల మాకు మేను పులకరించును.

మధిర సుబ్బన్న దీక్షితుల ‘కాశీమజిలీ కథలు’ గ్రంథమున మణిసిద్ధుని చేతి మణియు ఈ జాతిదే. నడచునవి కాళ్లు, మజిలీ మజిలీకిని గతించిన కాలమును కన్నుల గట్టునది మణి. కాశికి పోవు పాతదారి మన ఇందూరు జిల్లాకు పరాయిది కాదు. వారణాసినుండి కన్యాకుమారికి సాగిన నాటి రహదారి ఆర్మూరు, డిచ్‌పల్లి, ఇందల్వాయిల మీదుగానే పోయెడిది. 1830లో మద్రాసునుండి సపరివారముగా కాశికి బయలుదేరిన ఏనుగుల వీరాస్వామయ్యయు హైదరాబాదు దాటి నాగపూరు దిక్కునకే సాగెను.

ఇక బోధను. కాలము పొరలు పొరలుగా పేరుకొన్న ఇట్టి పట్టణములు తెలుగునాట అరుదు. షోడశ మహాజనపదములలో నొకటియైన అశ్మకమునకు రాజధాని పోదన ఇదియేయని చరిత్రకారులు తలంతురు. భీముడు బకాసురుని వధించిన ఏకచక్రపురము ఇదియేయని స్థానికుల విశ్వాసము. మంజీరపై 1923లో ఆరంభమై 1931లో ముగిసిన నిజాంసాగరు కాలువల నీరు ఈ నేలకు చెరకును తెచ్చినది. చెరకు 1937లో నిజాం చక్కెర కర్మాగారమును తెచ్చినది. శక్కర్‌నగర్ వెలసినది. ఆసియాలోనే మిక్కిలి పెద్దదని పేరొందిన ఆ కర్మాగారమున గానుగాడిన చెరకు పిప్పియే బాయిలరులో మండి, ఆ ఆవిరియే మరల గానుగలను త్రిప్పెడిది. తన యింధనమును తానే కల్పించుకొను ఆ యంత్రమును మించిన మాయాయంత్రమును ఏ కథకుడు కల్పింపగలడు?

2002లో అది ప్రైవేటు భాగస్వామ్యమునకు పోయినది; 2015 డిసెంబరులో మూతపడినది. గానుగాట కాలమున చెరకు బండ్ల వరుసలతో నిండిన దారులను చూచినవారు నేడు శక్కర్‌నగర్ వీథులలో నిలిచినప్పుడు, కకుద్మికి కలిగిన దిగ్భ్రమయే వారికిని కలుగుచున్నది. కకుద్మికి 27 మహాయుగములు పట్టినది. వీరికి ఒక ఉద్యోగజీవితమంత కాలమే చాలినది.

కావున నేటి కల్పనాకథకులతో మా వివాదమొక్కటియే. కాలయంత్రము ఎల్లప్పుడును రాజుల కొలువులకే ఎందులకు పోవలెను? వజ్రములకొరకును సింహాసనములకొరకును పోయిన యంత్రము, నిజాంసాగరు కట్టకు రాళ్లు మోసిన కూలి చెంతకు, ఆనకట్ట నీటిలో ఇల్లు మునిగిన రైతు చెంతకు, తొలిసారి గానుగ తిరిగిన నాటి కార్మికుని చెంతకు ఏల పోరాదు? పోయిన యెడల, పెద్దనవలె, పోతనవలె, మరలివచ్చినవాని దుఃఖమును కూడ చెప్పవలెను. వింతవెలుగులు చూపి కథను ముగించుట చాలదు.

ఇందూరు, బోధనుల యువరచయితలారా! ఆ కర్మాగారమున పనిచేసిన పెద్దలు నేటికిని మీ వాడలలో నున్నారు. బాయిలరు దగ్గర నిలిచిన రాత్రులను, బండ్లు తోలిన దారులను, చివరి జీతము నాటి మాటలను వారినడిగి వ్రాసికొనుడు. ఆ వ్రాతలనుండి మీ కాలయంత్రమును కల్పింపుడు. ఆ కథలను ప్రచురించుట మా పత్రిక తన కర్తవ్యముగా భావించును.