టీవీకి "వెళ్ళిపోయిన" దర్శకురాలు

ఐడా లుపినో (1918-1995) గురించి సినిమా చరిత్రలు రాసే తీరు చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. లండన్‌లో పుట్టి హాలీవుడ్‌లో నటి అయిందని రెండు పేరాలు, 1949-53 మధ్య తీసిన సినిమాలకు ఇంకో పేరా. ఆ తర్వాత "టెలివిజన్‌కి వెళ్ళిపోయింది" అని ఒక్క వాక్యం. కథ కంచికి!

వెళ్ళిపోవడమేమిటి? 1955లో హిచ్‌కాక్ టీవీకొస్తే అది ఆయన సామ్రాజ్య విస్తరణ. అదే హిచ్‌కాక్ సీరీస్‌కి ఎపిసోడ్లు తీసిన లుపినోది మాత్రం దిగజారడమా? కౌబాయ్ కథలు, నేర కథలు, హాస్యం, అన్నీ చేసిందామె. 1959-64 నాటి 'ద ట్విలైట్ జోన్'లో 156 ఎపిసోడ్లుంటే, స్త్రీ దర్శకత్వం వహించింది ఒక్కటే, 1964లో లుపినో తీసిన 'ద మాస్క్స్'. ఆ ఒక్కటీ ఆమె ఘనతని మురిసిపోతారు. మిగతా 155 గురించి సిగ్గుపడేవాళ్ళేరీ?

అసలామె ఏం తీసిందో చూడండి. 1950లో వచ్చిన 'ఔట్‌రేజ్' అత్యాచారం గురించిన సినిమా. కానీ ఆ మాట అందులో వినపడదు, హాలీవుడ్ సెన్సార్ నియమావళి ఒప్పుకోదు. ఆఫీసులో లెక్కలు రాసే ఆన్, ఆ ఘటన తర్వాత మళ్ళీ పనిలోకొస్తుంది. పక్కన ఎవరో కాగితాల మీద ముద్రలు కొడుతుంటారు. ఆ టప్ టప్ శబ్దాన్ని భరించలేకపోతుంది. ఇరుగుపొరుగు చూపులు సరేసరి. చివరికి ఊరొదిలి పారిపోతుంది. నేరం కన్నా ఆ తర్వాతి బతుకు మీదే ఎక్కువసేపు కెమెరా నిలిపింది లుపినో. ఓ పాస్టరు ఆమెను బాగుచేయడం నాకూ మింగుడుపడదనుకోండి.

1970లలో ఫెమినిస్టు విమర్శకులు కొందరు ఆమెవి సంప్రదాయ సినిమాలన్నారు. సెట్లో ఆమె ఆజ్ఞాపించకుండా "అమ్మ"లా బతిమాలేది, కుర్చీ వెనక "మనందరి అమ్మ" అని రాసి ఉండేది. ఇది లొంగుబాటా? మగ యూనిట్ చేత పని చేయించుకోడానికి ఆడమనిషి కట్టిన సుంకం. వసూలు చేసినవాళ్ళని వదిలేసి, కట్టినామెను నిలదీయడం ఏం న్యాయం?

సొంత సంస్థ 'ద ఫిల్మేకర్స్' పంపిణీలోకి దిగి మునిగింది. 1953 నాటి 'ద బైగమిస్ట్' తర్వాత మరో సినిమా చేతికి రావడానికి పదమూడేళ్ళు పట్టింది. ఆ మధ్యకాలంలో టీవీలో డైరెక్టర్ కుర్చీలో కూర్చుందామె. ముగ్గురు మగవాళ్ళ చుట్టూ తిరిగే 'ద హిచ్-హైకర్' లాంటి నేర కథ తీసిన మనిషికి 1966లో దొరికిందేమిటి? 'ద ట్రబుల్ విత్ ఏంజెల్స్', నన్‌లు నడిపే ఆడపిల్లల బడి కథ. ఆ తర్వాత అదీ లేదు.